కల్లంలో బోనస్ లైన్

మా ఇంట్లోకి ఇంగ్లీషు మాటలు రెండుసార్లు గుంపుగా వచ్చాయి. మొదటిసారి ఆసుపత్రి నుంచి. క్రియాటినిన్, డయాలసిస్, స్టేబుల్, క్రిటికల్. నా భార్య లక్ష్మీనర్సమ్మ మంచం పట్టిన ఏడాది నన్ను కన్న మా అవ్వ కూడా పండ్లు లేని నోట్లో ఆ మాటలను అటూ ఇటూ తిప్పి పలికేది. లక్ష్మీనర్సమ్మ పోయాక ఆ మాటలూ ఆమె వెంటే పోయాయి. రెండోసారి వచ్చినవి ఆట మాటలు. నిరుడు ఎండాకాలం వచ్చాయి. ఇంకా పోలేదు.

తెచ్చింది మా కోడలు మానస.

మా ఊరు ఎల్లారెడ్డికి దగ్గర. యాసంగి వడ్లు కోసి, ఎండబోసి, కొనుగోలు కేంద్రానికి చేర్చి, కాంటా మీద తూకం వంతు కోసం చూస్తున్న రోజులు అవి. పొద్దున పోయి కుప్ప మీద టార్పాలిన్ సరిచేసి రావడం తప్ప నాకు పని లేదు. ఇంటి పక్కన సిమెంటు కల్లం ఖాళీగా పడి ఉంది. ఒకరోజు నేను అరుగు మీద కూర్చొని చాయ్ తాగుతుంటే మానస దర్వాజ వెనక నిలబడి అంది:

"అవ్వా, మామకు ఇంగ్లీషు మంచిగ వస్తదా అడుగు."

మా అవ్వ మంగవ్వ నా పక్కనే కూర్చొని తంబాకు నలుపుతోంది. నా వైపు తిరిగింది.

"ఇంగ్లీషు వస్తదా అని అడుగుతుందిరా."

మా ఇండ్లల్లో ఇది పద్ధతి. కోడలు మామతో నేరుగా మాట్లాడదు. అన్నం వడ్డించాక "అవ్వా, మామను తినుమను" అంటుంది. ఆ మాట నాకు వినబడుతూనే ఉంటుంది. అయినా అవ్వ దాన్ని తన నోటితో మళ్ళీ చెప్పాలి, అప్పుడే నేను లేవాలి. లక్ష్మీనర్సమ్మ మా బాపుతో అట్లాగే ఉండేది. మానస ఈ ఇంటికి వచ్చి రెండేళ్ళు. ఆమె గొంతు నాకు బాగా తెలుసు. ఆ గొంతు నన్ను ఉద్దేశించి ఎప్పుడూ రాలేదు.

"ఏం ఇంగ్లీషు?" అన్నాను.

ఒక చెయ్యి దర్వాజ లోంచి బయటికి వచ్చి, స్పైరల్ కుట్టిన జిరాక్స్ పుస్తకాన్ని అరుగు మీద పెట్టి లోపలికి పోయింది. కబడ్డీ నియమాల పుస్తకం.

మానస పెళ్ళికి ముందు కబడ్డీ ఆడేది. జూనియర్స్‌లో జిల్లా తరఫున కూడా ఆడింది. పెండ్లిచూపుల్లో వాళ్ళ నాన్న ఆ సంగతిని గొంతు తగ్గించి చెప్పాడు, ఎప్పుడో వచ్చి తగ్గిపోయిన జబ్బు గురించి చెప్పినట్టు. మోకాలిలో లిగమెంటు తెగి ఆట ఆగిపోయింది. ఇప్పుడు ఆమెకు ఆట నేర్పిన సుందర్ సార్ ఫోన్ చేశాడట. జూన్‌లో కామారెడ్డిలో రెఫరీ పరీక్ష ఉంది. రాత పరీక్ష, నోటి పరీక్ష, ఆ తర్వాత కోర్టులో నిలబడి ఆడించి చూపించడం. అన్నీ ఇంగ్లీషులోనే. మానస చదివింది తెలుగు మీడియం.

"ఆడుడు ఎట్లాగూ లేదవ్వా," అంది లోపలి నుంచి. "ఆడిపించుడన్న ఉంటె మంచిగుంటది."

"మొగోళ్ల నడుమ పీక ఊదుకుంట తిరుగుతవా?" అంది అవ్వ.

లోపలి నుంచి గిన్నె చప్పుడు వచ్చింది. నేను పుస్తకం తెరిచాను.

కామారెడ్డి కాలేజీలో బి.ఏ. చదివాను. నాకు వచ్చిన ఇంగ్లీషు రాజులదీ, వాళ్ళ యుద్ధాలదీ, సంధులదీ. ఈ పుస్తకంలో ఏ రాజూ లేడు. రైడ్ అని ఉంటే నాకు పోలీసులు గుర్తుకొచ్చారు. కాంట్ అనే మాట మొదట అర్థం కాలేదు. చాలాసేపటికి అది కూత అని తేలింది. చిన్నప్పుడు ఊపిరి బిగబట్టి మేము పెట్టిన కూతకు ఒక ఇంగ్లీషు పేరు ఉందని నాకు అరవై దాటాక తెలిసింది. లాబీ ఒక్కటే నాకు తెలిసిన మాట. హైదరాబాదులో లక్ష్మీనర్సమ్మ లోపల ఉంటే నేను తువాలు పరుచుకొని పడుకున్న చోటు పేరు అది. ఇక్కడ కోర్టుకు రెండు పక్కలా ఉండే సన్నటి పట్టీని లాబీ అంటారట. ఎదుటి వాళ్ళను తాకకముందే కూతకు పోయిన రైడర్ కాలు అందులో పడితే అవుట్. తాకిన తర్వాత అయితే ఆ చోటు కూడా ఆటలో భాగమే. ఒకే చోటు కాసేపు తప్పు, కాసేపు ఒప్పు. నాకు తల తిరిగింది.

"రేపటి నుంచి చదువుదాం," అన్నాను అవ్వతో.

"రేపటి నుంచి సదువుతడంట," అంది అవ్వ లోపలికి చూసి. "ఎవలికి ఎవలు సదువు చెప్తరో."

మరునాడు పొద్దున నేను లేచేసరికి కల్లం నిండా ముగ్గు గీతలు. మానస ఎప్పుడో లేచి, దారం కట్టి కొలిచి, ముగ్గుపిండితో కోర్టు గీసింది. దారిలో నా కాలికి తగిలే రాళ్ళను కూడా ఏరి పక్కన కుప్ప పెట్టింది. ఆ రాళ్ళను తీయాలని నేను చాలాకాలంగా అనుకుంటున్నాను.

అవ్వ కర్ర పట్టుకొని వచ్చి చూసింది. "ముగ్గేసినవంటె పండుగనుకున్న. ఇదేం ముగ్గు పిల్లా, అన్ని అడ్డగీతలే."

"ఇది మిడ్ లైన్ అవ్వా. ఇది బాక్ లైన్. గది బోనస్ లైన్."

"బోనస్ సన్నవడ్లకు గదా ఇచ్చేది?"

"దీని మీంచి కాలు పెడితె గుడ ఇస్తరు."

"మరి వడ్లు పండిచ్చుడెందుకు?" అని అవ్వ గీత తొక్కకుండా పక్క నుంచి పోయి నీడలో కూర్చుంది.

చదువు ఒక దారిలో పడింది. పైకి మాత్రం ఇద్దరం నీడలో ఉన్న అవ్వకే చెబుతున్నట్టు మాట్లాడేవాళ్ళం. నేను పుస్తకంలో వాక్యం చదువుతాను, నాకు తోచిన అర్థం చెబుతాను. నా అర్థం తప్పని మానసకు వెంటనే తెలుస్తుంది. ఎందుకంటే ఆట ఆమె ఒంట్లో ఉంది. ఆమె కాలితో చేసి చూపిస్తుంది. అప్పుడు నేను మళ్ళీ ఆ వాక్యం చదివితే అర్థమవుతుంది. లోనా, సూపర్ టాకిల్, సిట్టింగ్ బ్లాక్. అవుటైన వాళ్ళు వరసగా కూర్చునే చోటే సిట్టింగ్ బ్లాక్. తమ జట్టుకు పాయింటు వస్తే వాళ్ళలో ఒకరు లేచి మళ్ళీ ఆటలోకి వస్తారు.

"మేము సచ్చినోడు బతికిండు అనేటోళ్ళం," అన్నాను.

"మేము గూడ గట్లనే అంటుంటిమి," అంది మానస నేల చూస్తూ.

టైం అవుట్ అనే మాట నాకు బాగా నచ్చింది. ఆట ఆగుతుంది. గడియారం ఆగుతుంది. ఎవరూ గెలవరు, ఎవరూ ఓడరు. నీళ్ళు తాగవచ్చు. రెండు అరచేతులతో ఒక గుర్తు చూపిస్తే చాలు, అంతమంది ఆగిపోతారు. అంత మంచి ఏర్పాటు ఒకటి లోకంలో ఉందని నాకు తెలియదు.

పుస్తకం చివర ఒక పేజీలో ఆటలకు సంబంధించిన మాటలు విడిగా ఇచ్చారు. నోటి పరీక్షలో అడుగుతారట. అందులో రిక్రియేషన్ అని ఉంది.

"అంటె ఏంది?" అంది మానస.

"పని లేనప్పుడు మనసు కోసం చేసేది."

మానస ఆలోచించింది. "మనింట్ల ఎవలు చేస్తరు గది?"

ముగ్గురం ఒకరినొకరం చూసుకున్నాం. అవ్వ నోట్లో తంబాకు పెట్టుకుంది. "నేను చేస్తున్న గదా," అంది.

చిక్కు వచ్చింది అవుట్ దగ్గర. మాటలు నోటికి వచ్చినా, పరీక్షలో నిలబడి చేసి చూపించాలి. ఆడేవాళ్ళు లేరు. మా అబ్బాయి అరవింద్‌కు ఎల్లారెడ్డిలో మోటార్ వైండింగ్ షాపు. ఎండాకాలం కాలిపోయిన మోటార్లు వాకిలి దాకా పేర్చి ఉంటాయి, వాడు ఇంటికి రావడమే ఆలస్యం. కాబట్టి రైడర్‌ను నేనే అయ్యాను. పంచె ఎగగట్టి, కూత పెట్టుకుంటూ గీత దాటి, ఊహలో ఉన్న మనుషులను తాకబోయి, కావాలని లాబీలో కాలు పెట్టాను. ఇప్పుడు మానస విజిల్ ఊది, చెయ్యెత్తి, నన్ను చూపించి అవుట్ అనాలి.

విజిల్ వచ్చింది. చెయ్యి సగం లేచి ఆగింది. మానస నన్ను చూసింది, నేలను చూసింది, చివరికి నీడలో ఉన్న అవ్వ వైపు తిరిగింది.

"అవ్వా, మామ అవుటయిండని చెప్పు."

"నువ్వు అవుటయినవంటరా," అంది అవ్వ.

నాకు నవ్వొచ్చింది. మానసకు మాత్రం కళ్ళలో నీళ్ళు తిరిగాయి. అప్పుడు నేను పద్ధతి మరచిపోయి నేరుగా ఆమెతోనే అన్నాను: "కామారెడ్డిల నీ పక్కన అవ్వ ఉండది గదా బిడ్డా."

ఆమె తల ఊపింది. పుస్తకంలో ఏదో వెతికింది. తర్వాత ఇంట్లోకి పోయి, గోడ క్యాలెండర్ నుంచి పాత తారీకు కాగితాన్ని చింపి తెచ్చింది. ఏడో తారీకు. పిన్నీసుతో అవ్వ చేత నా వీపు మీద పెట్టించింది.

"ఆట్ల పేర్లుండయి," అంది, గీతల వైపు చూస్తూ. "నంబర్లే ఉంటయి."

నేను మళ్ళీ కూత పెట్టాను. మళ్ళీ లాబీలో కాలు పెట్టాను. విజిల్ ఊదింది. ఈసారి చెయ్యి పూర్తిగా లేచింది.

"చెస్ట్ నంబర్ సెవెన్. అవుట్."

గొంతు సన్నగా వచ్చింది, కానీ వచ్చింది. నేను పోయి కల్లం అంచున కూర్చున్నాను. మన మాటలో అయితే పో అనాలా, పోండ్రి అనాలా అని ముందు తేల్చుకోవాలి. ఆ ఇంగ్లీషు మాటకు ఆ బాధ లేదు. అందులో మామ లేడు, కోడలు లేదు. ఇది మంచిదో కాదో నాకు తెలియలేదు. కూర్చున్నందుకు మాత్రం నడుముకు హాయిగా ఉంది.

ఆ రోజు వీపు మీద కాగితం తీయడం మరచిపోయి కొనుగోలు కేంద్రానికి పోయాను. హమాలీ లింగం నా చుట్టూ ఒకసారి తిరిగి చూశాడు.

"ఏంది పటేలా, నీ కాంటా నంబర్ ఏడా? ఎవలిచ్చిన్రు?"

నేను జవాబు వెతుక్కునే లోపే కుప్పల దగ్గర ఉన్న రైతులు నలుగురు లేచి వచ్చారు. కొత్తగా నంబర్లు ఇస్తున్నారనీ, అంగీకి పెట్టుకోకపోతే కాంటా కాదనీ కేంద్రమంతా పాకింది. ఒకాయన తన బనియన్ విప్పి, నంబరు వేయమని లోపలికి పోయి గొడవ పెట్టుకున్నాడు. అది ఆట కోసం పెట్టిందని చెప్పడానికి నాకు మధ్యాహ్నం దాకా పట్టింది. చెప్పాక ఇంకో తంటా మొదలైంది. ఏం ఆట, ఎవరితో, ఎందుకు అని.

పొద్దుగూకేసరికి ఆ మాట ఎల్లారెడ్డిలో అరవింద్ షాపు దాకా పోయింది.

"బాపు, ఏంది గిది?" అన్నాడు వాడు రాగానే, చేతులకున్న వార్నిష్ కూడా కడుక్కోకుండా. "కల్లంల కోడలు పీక ఊదుతె మామ ఉరుకుతున్నడంట గదా. షాపుల అందరు నవ్వుడే."

"నాకు మోకాళ్ళు మంచిగైనయిరా," అన్నాను. అది నిజమే.

"నవ్వులాట కాదు బాపు. సుందర్ సార్ నాకు గుడ ఫోన్ చేసిండు. పరీక్షకు అలవాటుకని ఎల్లారెడ్డి టోర్నమెంట్ల ఈమెను అంపైర్‌గ నిలబెడ్తడంట. మా మ్యాచ్‌కే." వాడు మా ఊరి జట్టులో రైడర్. "రేపు నన్ను అవుటంటె నేను పోయి కూసోవాల్నా? ఊరంత సూస్తరు. నువ్వన్న చెప్పు, వద్దని."

వాడి బాధ నాకు అర్థమైంది. లోపల గిన్నెల చప్పుడు ఆగిపోవడం కూడా అర్థమైంది. రెండూ ఒకేసారి అర్థమైతే మనిషి నోరు పడిపోతుంది.

లోపలి నుంచి మానస గొంతు వచ్చింది. "అవ్వా, అవుట్ కాకుంట ఆడుమను."

అవ్వ అరవింద్ వైపు తిరిగింది. "అవుట్ కాకుంట..."

"ఇనవడ్డదవ్వా," అన్నాడు వాడు, చేతులు కడుక్కోవడానికి పోతూ.

టోర్నమెంటు రోజు మానస తన పెట్టెలో అడుగున ఉన్న తెల్ల టీషర్టూ నల్ల ప్యాంటూ తీసి వేసుకొని వాకిట్లోకి వచ్చింది. అవ్వ ఏదో అనబోతుందని నేను భయపడ్డాను. అవ్వ పైనుంచి కింది దాకా చూసి, "నెత్తికి రుమాలన్న కట్టుకో, ఎండ కొడుతుంది," అంది. అంతే.

ఎల్లారెడ్డిలో బడి మైదానం. కోర్టు చుట్టూ జనం. మా ఊరి జట్టుకూ తండా జట్టుకూ మ్యాచ్. తండా జట్టు కెప్టెన్ ధన్‌సింగ్ నన్ను చూసి, "కాకా, నీ నంబరేది ఇయ్యాల?" అని నవ్వి, కూర్చోవడానికి తన కుర్చీ ఇచ్చాడు. మానస నాకు ఎదుటి పక్క, గీత దగ్గర నిలబడింది. కల్లంలో కంటే చిన్నగా కనిపించింది.

మొదట్లో జనం ఆమె విజిల్ ఊదినప్పుడల్లా నవ్వారు. కాసేపటికి నవ్వడం మరచి ఆటలో పడ్డారు. ఆమె ధన్‌సింగ్‌ను అవుట్ అంది, అతను పోయి కూర్చున్నాడు. మా ఊరి వాళ్ళను ఇద్దరిని అంది, వాళ్ళూ కూర్చున్నారు. నేను నెమ్మదిగా ఊపిరి పీల్చుకోసాగాను. ఆట చివరికి వచ్చేసరికి రెండు జట్లూ సమానంగా ఉన్నాయి.

అప్పుడు అరవింద్ రైడ్‌కు పోయాడు.

ధన్‌సింగ్ మూలన ఉన్నాడు. అరవింద్ కూత పెడుతూ అటు వంగి, చెయ్యి చాచి, వేలు అతని బనియన్ దాకా పోనిచ్చి, తూలి, లాబీలో కాలు పెట్టి, తిప్పుకొని గీత దాటి వచ్చేశాడు. మా ఊరి వాళ్ళు ఎగిరి అరిచారు. వేలు తాకితే మాకు పాయింటు. తాకకుండా కాలు లాబీలో పడితే అరవింద్ అవుట్. నా కంటికి తాకినట్టే కనిపించింది. అయితే ఆ కన్ను ఆట చూసేవాడిదో, వాడి తండ్రిదో నేను చెప్పలేను.

విజిల్ వినబడింది. మానస చెయ్యి లేచి ఉంది.

"తాకిన," అన్నాడు అరవింద్.

ఆమె ఎత్తిన చెయ్యి కదలలేదు. ఇంకో చేతి వేళ్ళు మాత్రం విజిల్ తాడును చుట్టుకుంటున్నాయి. జనంలోంచి ఎవరో, "పొద్దుగాల ఇంట్ల ఏమైందిరో," అన్నారు. "అరవిందూ, ఇయ్యాల బువ్వ ఉంటదా?" అన్నారు ఇంకెవరో. నవ్వులు లేచాయి. మా ఊరి వాళ్ళు ధన్‌సింగ్ మీద పడ్డారు, తాకాడా లేదా చెప్పమని.

"నన్నడుగుడేంది?" అన్నాడు ధన్‌సింగ్. "అంపైర్ ఉంది గదా."

"చెస్ట్ నంబర్ త్రీ," అంది మానస. "అవుట్."

కల్లంలో నాతో అన్న మాటే. గొంతు కూడా అదే, కాకపోతే ఈసారి సన్నగా లేదు. అరవింద్ ఆమెను చూస్తూ నిలబడ్డాడు. తర్వాత వాడు మోకాలి మట్టి దులుపుకొని, పోయి సిట్టింగ్ బ్లాక్‌లో కూర్చున్నాడు.

ఒక్క పాయింటుతో మా ఊరు ఓడిపోయింది.

అరవింద్ దోస్తులతో బండి మీద పోయాడు. మానసా నేనూ ఆటోలో వచ్చాం. ఆమె బయటికి చూస్తూ, ఎవరినో అడిగినట్టు, "తాకినట్టు కనవడ్డదా?" అంది.

"నాకు తెల్వది బిడ్డా," అన్నాను.

ఊరు వచ్చేదాకా విజిల్ ఆమె గుప్పిట్లోనే ఉంది.

ఆ రాత్రి తిండి దగ్గర అవ్వ ఒక్కతే మాట్లాడింది.

"ఓడిండ్రా?"

"ఓడినం," అన్నాడు అరవింద్.

"ఎవల్తోని?"

"లాబీతోని."

"గా ఊరు యాడుంది?" అంది అవ్వ. వాడు లేచి చెయ్యి కడుక్కున్నాడు. పళ్ళెంలో అన్నం సగం మిగిలింది. మానస ఆ పళ్ళెం తీయడానికి వంగి, కాసేపు అట్లాగే ఉండిపోయింది.

పరీక్ష దాకా ఇంట్లో వింతగా గడిచింది. పోట్లాట లేదు, మాటలూ లేవు. అరవింద్, మానస ఒకరితో ఒకరు అవ్వ గుండా మాట్లాడుకోవడం మొదలుపెట్టారు. "అవ్వా, తాళం చెవులు ఎక్కడున్నయో అడుగు." "అవ్వా, గోడ మొలకు ఉన్నయని చెప్పు." అవ్వకు విసుగొచ్చింది. "నేనేం ఫోనునా?" అంది. కల్లంలో చదువు మాత్రం ఆగలేదు. అక్కడ ఇంకో వింత. ముగ్గు గీతల లోపల ఉన్నంతసేపు మానస నాతో నేరుగా మాట్లాడేది. "ఇది తప్పు మామా, మళ్ళ చేయుండ్రి," అనేది. గీత దాటి ఇంట్లోకి పోగానే మళ్ళీ, "అవ్వా, మామకు చాయ్ పెట్టిన అను." నేను ఏ వైపు నిలబడాలో తెలియక చాలాసార్లు గీత మీదే నిలబడ్డాను. చదువు ఆపమని నేను అనలేకపోయాను. కొనసాగించమనడం కూడా కొడుకుకు అన్యాయం చేసినట్టే అనిపించింది. ఏమీ తోచక పుస్తకం చదువుతూ పోయాను.

పరీక్ష నాడు అరవింద్ షాపులో పని ఉందన్నాడు. నేనూ మానసా బస్సెక్కాం. లింగంపేట దాటేదాకా ఆమె పెదాలు కదులుతూనే ఉన్నాయి. కామారెడ్డిలో దిగాక సుందర్ సార్ వచ్చి ఆమెను లోపలికి తీసుకుపోయాడు. నన్ను గేటు దగ్గర వేపచెట్టు కింద కూర్చోమన్నారు. ఆసుపత్రి లాబీ తర్వాత, లోపల ఉన్న మనిషి కోసం అట్లా బయట కూర్చోవడం నాకు అదే మొదలు. ఇక్కడ మాత్రం లోపలి నుంచి విజిళ్ళు వినబడుతున్నాయి. వినబడినప్పుడల్లా అది మానసదేనా అని చూశాను. అన్నీ ఒకేలా ఉన్నాయి.

పొద్దు నడినెత్తిన ఉండగా ఒక బండి వచ్చి ఆగింది. అరవింద్. హ్యాండిల్‌కు సంచీ, అందులో చల్లటి నీళ్ళ సీసాలు.

"షాపు?" అన్నాను.

"పిలగాడున్నడు." వాడు నా పక్కన కూర్చొని ఒక సీసా మూత తీసి నాకిచ్చాడు. ఇంకోటి మూత తీయకుండా ఒళ్ళో పెట్టుకున్నాడు. చాలాసేపు గేటు వైపు చూశాడు.

"బాపు, నీకు ఎట్ల కనవడ్డది ఆనాడు?"

భార్యాభర్తలిద్దరూ నన్ను ఒకే మాట అడిగారు. నేను వాడికీ అదే చెప్పాను. "నాకు తెల్వదిరా. నీకు తెల్వాలె. వేలు నీది."

వాడు ఆ వేలిని చూసుకున్నాడు. వార్నిష్ మరకలు ఇంకా పోలేదు.

"నాకే తెల్వది బాపు. తాకిన్నేమో అనుకున్న, గందుకే అన్న. తాకలేదేమో గుడ." మరకను గోటితో గీకాడు. "గామె మాత్రం గంత నిమ్మళంగ అన్నది. గప్పుడు మైదానంల తెల్సినోళ్ళు ఎవలన్న ఉన్నరంటె ఆమె ఒక్కతే అనిపిచ్చింది. కూసున్న."

"గా మాట ఇంట్ల చెప్పచ్చు గదా."

"ఎట్ల చెప్పాలె?" అన్నాడు. నిజంగానే తెలియనట్టు అడిగాడు. ఇద్దరం నా సీసాలోంచే నీళ్ళు తాగాం.

మానస బయటికి వచ్చేసరికి ఎండ తగ్గింది. రుమాలు మెడలో ఉంది, మొహం ఎర్రగా కందిపోయింది. అరవింద్‌ను చూసి ఆగింది. వాడు లేచి ఒళ్ళో ఉన్న సీసాను చాచాడు. అందులో నీళ్ళు అప్పటికి వేడెక్కి ఉంటాయి. ఆమె తీసుకొని ఆపకుండా తాగింది.

"ఏమడిగిన్రు?" అన్నాడు వాడు. అవ్వ లేదక్కడ. నేరుగానే అడగాలి.

"లోనా అడిగిన్రు. తప్పు చేస్తె చూపెట్టే గ్రీన్ కార్డు అడిగిన్రు. గవి చెప్పిన. ఆఖరుకు యువర్ రిక్రియేషన్ అన్నరు."

"ఏం చెప్పినవు?"

మానస నా వైపు ఒకసారి చూసి తల దించుకుంది. "మా మామకు కబడ్డీ నేర్పుడు అని చెప్పిన. ఇంగ్లీషుల్నే."

వెనక నుంచి సుందర్ సార్ నవ్వుతూ వచ్చాడు. "అందరు నవ్విండ్రు సార్. పాసయినట్టే. రెఫరీ కార్డు వారం పది రోజుల్ల వస్తది."

అరవింద్ కూడా నవ్వాడు. నేను ఒక్కడినే తికమకపడ్డాను. ఆ ఎండాకాలమంతా చదువు చెబుతున్నది నేనని అనుకుంటూ ఉన్నాను.

కొడుకు, కోడలు బండి మీద పోయారు. నేను బస్సులో వచ్చాను. కిటికీ పక్క సీటు దొరికింది.

కార్డు వచ్చిన రోజే మబ్బు పట్టింది. మా వడ్లకు అప్పటికే కాంటా అయిపోయింది. మిగిలిన విత్తనం బస్తాలు కల్లం పక్క పందిరి కింద ఉన్నాయి. తొలి చినుకులు పడగానే వాటిని ఇంట్లోకి చేర్చడానికి నేనే భుజానికెత్తాను. అరవింద్ షాపులో ఉన్నాడు. ముగ్గు గీతల మీద చినుకులు పడి మిడ్ లైన్ చెదిరింది. తర్వాత బాక్ లైన్. నాలుగో బస్తా దించేసరికి బోనస్ లైన్ ఎక్కడుండేదో తెలియకుండా పోయింది. కల్లం మళ్ళీ ఉత్త కల్లం అయింది. నా ఊపిరి ఈలలా వస్తోంది. భుజం పట్టేసింది. ఐదో బస్తా కోసం వంగాను.

విజిల్ మోగింది.

వంగినవాణ్ణి వంగినట్టే ఆగిపోయాను. మానస గడప మీద నిలబడి ఉంది. ఒక అరచేతిని నిలబెట్టి, దాని మీద ఇంకో అరచేతిని అడ్డంగా పెట్టి చూపిస్తోంది. చూస్తున్నది అవ్వ వైపు కాదు, నా వైపు.

"టైం అవుట్, మామా."

అరుగు మీది నుంచి అవ్వ చెవి దగ్గర చెయ్యి పెట్టుకుంది. "ఏమంటుందిరా పిల్ల?"

"కూసోమంటుందవ్వా," అన్నాను.

అవ్వ మానసను చూసింది, నన్ను చూసింది, వానను చూసింది.

"మరి కూసో," అంది.

నేను కూర్చున్నాను. మానస వానలోకి వచ్చి ఐదో బస్తా ఎత్తుకుంది.